అవ్వా అంటే ఓ

డాక్టర్ పద్మలత మీద నాకున్న ఫిర్యాదు ఒక్కటే. ఆ రోజు భూపాలపల్లి తాటివనంలో అది పిలిచినప్పుడు ఆమె పలకలేదు.

మా బచ్చన్నపేటలో ఎవర్నడిగినా వేరే చెప్తారు. ఐలేశ్‌ను సైంటిస్టు మేడం ముంచింది, మర పేరు చెప్పి చెలక భూమి పోగొట్టింది అంటారు. కల్లు మండువాలో కూర్చుని నేను కూడా కొన్నాళ్లు అదే చెప్పుకున్నాను. అట్లా చెప్పుకుంటే తల కొంచెం పైకి ఉండేది. నిజానికి ఆమె నా దగ్గర ఏదీ దాచలేదు. పలకాల్సిన చోట పలకలేదు, అంతే. ఆమె పలికి ఉంటే నేను పలకాల్సి వచ్చేది కాదు. పలకవద్దని ఆమె దగ్గర మాట తీసుకున్నది నేనేనన్న సంగతి మాత్రం మా ఇంటిదానికి కూడా చెప్పలేదు.

మాది గీత పని. మా బాపు కల్లుకు తాటిచెట్లు గీసేవాడు, నేనూ గీశాను. నాలుగేళ్ల కింద పండుటాకు మట్ట విరిగి చెట్టు మీది నుంచి పడ్డాను. ప్రాణం దక్కింది గానీ ఎడమకాలు కురచైంది. అప్పట్నుంచి చెట్టెక్కే మోకు ఇంట్లో గోడకు వేలాడుతున్నది. గీసేవాడు కింద కూర్చుంటే వానికి పలుకుబడి ఉండదు. నా చెట్లు మా కులపోడు ముత్తయ్యకు అప్పజెప్పి, అతను పోసిన కల్లే నేను తాగాల్సి వచ్చింది.

పద్మలత అప్పుడు వచ్చింది. ఆమెది దేవరుప్పుల. హైదరాబాద్‌లో పెద్ద చదువు చదివి, అక్కడే మరలు తయారు చేసే సైంటిస్టు అయింది. నలభై దాటిన మనిషి, ఒంటరిది, సన్నగా ఉంటుంది, నవ్వడానికి కూడా ఆలోచించుకుంటుంది. వాళ్ల చిన్నాయిన తాటిచెట్టు మీది నుంచి పడి చనిపోయాడట. మనిషి ఎక్కే అవసరం లేకుండా, తనంత తానే చూసుకుని, తెలుసుకుని ఎక్కే మరను చేస్తున్నానని చెప్పింది. దానికి ఎక్కడం నేర్పడానికి గీత తెలిసినవాడు కావాలంది. పని లేకుండా ఉన్నది ఊళ్లో నేనొక్కడినే.

ఆ మర నిలబెడితే నా ఛాతీ దాకా వచ్చేది. రెండు చేతులు, కాళ్ల స్థానంలో చెట్టును కరుచుకునే రబ్బరు పట్టీలు, నేల మీద నడవడానికి చిన్న చక్రాలు. మెడ మీద సైకిల్ లైటంత కన్ను. అంతకుముందు చేసినవి ఆరు పాడైపోయాయట. ఇది ఏడోది కాబట్టి ఆమె ఏడు అని పిలిచేది.

మా ఇంటిది సత్తెమ్మ మొదటి రోజే నవ్వింది. "గదేం పేరు మేడం? ఏడు ఏడు అని పిలుస్తుంటె నిజంగనే ఏడుస్తదేమో."

"ఏడ్వది సత్తెమ్మక్కా," అంది పద్మలత. "ఏడ్వనీకి దాంట్ల ఏం పెట్టలే."

నేను దాన్ని డబ్బా అనేవాణ్ని. అది నన్ను మామ అనేది. వచ్చినప్పుడు టీవీలో వార్తలు చదివినట్టు మాట్లాడేది, మా మధ్య తిరిగి మా మాటే పట్టుకుంది. పద్మలతను మాత్రం మేడం అనేది. ఆమె అట్లాగే అనమన్నది.

రోజూ పొద్దుగూకేముందు దాన్ని బంద్ చేయాలి. ముందటి ఆరింటినీ ఎట్లా బంద్ చేసేదో ఆమే చెప్పింది: కుర్చీలో కూర్చుని ఫోన్‌లో ఒక్క మీట, అటు చూసేది కూడా కాదట. దీని దగ్గరికి మాత్రం లేచి పోయేది. వీపు మీద చెయ్యి వేసి, నిద్రపుచ్చినట్టు "ఇగ పండు" అనేది. దుమ్ము పడకుండా కన్ను మీద తువ్వాల కప్పేది. ఎవరూ చూడలేదనుకునేది.

ఒకరోజు అది చెట్టు దిగి వచ్చి, ఎవరూ అడగకుండానే చెప్పింది: "మేడం, పైకి పోయినంక కింద ఎవరున్నరో చూడబుద్ధైతాంది."

ఆమె ఒళ్లో ఉన్న కంప్యూటర్ మూసింది. "ఎందుకు చూస్తున్నవ్?"

"ఎవరు లేకుంటె పట్టు గట్టిగ పడ్తున్న. ఎవరన్న ఉంటె మామూలుగ పడ్తున్న. నాకే తెల్వకుంట."

 ఆమె నా వైపు తిరిగి, "విన్నవా అన్నా? నాకే తెల్వకుంట అంటాంది," అంది.

"అందరం అనే మాటనే గద మేడం."

"అందరం అంటం. అది అనొద్దు. తెల్వంది ఒకటుందని దానికి తెల్సిందంటె, లోపట ఎవరో ఉన్నట్టు."

"మంచిదే కాదా? సైంటిస్టులకు గసొంటిదే కావాలంటరు గద."

"మంచిదో చెడ్డదో తెల్వది. రాసింది నేనే. గీ మాట మాత్రం నేను రాయలే," అంది. ఆ రోజు సాయంత్రం బంద్ చేసేటప్పుడు ఆమె చెయ్యి వీపు మీదే చాలాసేపు ఉంది. "పండు" అనలేకపోయింది. "పండుతవా?" అని అడిగింది.

చెలక సంగతి ఇక్కడే చెప్పాలి. ఆ చలికాలం ఆమెకు వచ్చే ప్రభుత్వ సొమ్ము ఆగిపోయింది. బాగుచేసే సామాను కొనాలన్నా డబ్బు లేదు. ఆమె అడగలేదు, నేనే ముందుపడ్డాను. మర అమ్ముడుపోతే అందులో నాకూ వాటా ఉంటుంది, ఊళ్లో ముత్తయ్య ముందు నా ముఖం మళ్లీ లేస్తుంది, అది నా ఆశ. జనగామలో ఒక షావుకారు దగ్గర నా చెలక కాగితాలు పెట్టి డబ్బు తెచ్చి ఇచ్చాను. ఎండాకాలంలోగా తిరిగి ఇవ్వకపోతే భూమి అతనిదైపోయేట్టు రాత. సత్తెమ్మ ఏడ్చింది. ఆడదానికేం తెలుసని కసురుకున్నాను.

అదే రోజుల్లో ఒకనాడు వనంలో నేనూ, ఏడూ ఉన్నాం. పద్మలత ఫోన్ మాట్లాడటానికి రోడ్డు మీదికి పోయింది.

"మామ, నువ్వు మొదటిసారి ఎక్కినప్పుడు కింద ఎవరుండె?"

ఆ సంగతి నా నోటితో నేనెవరికీ చెప్పను. దానికి చెప్పాను. డబ్బా కదా, ఎవరితో చెప్తుందిలే అనుకున్నాను.

నేను ఏడో తరగతిలో ఉండగా బాపు నా భుజం మీద మోకు వేశాడు. అదే నా చదువుకు ఆఖరి రోజు. కింద మా కులపోళ్లందరూ ఉన్నారు. కల్లు పొయ్యడానికి లొట్టి పట్టుకుని నన్ను కన్న మా అవ్వ కూడా ఉంది. సగం చెట్టు ఎక్కాక గాలి కొట్టింది, చెట్టు ఊగింది. నాకు చేతులూ కాళ్లూ ఆడలేదు. "అవ్వా!" అని అరిచాను. కిందున్న మగవాళ్లందరూ పొట్టలు పట్టుకుని నవ్వారు. ఆనాటి నుంచి నేను ఊరికి అవ్వ ఐలేశ్‌ను. పెండ్లి పత్రికలో కూడా మా బామ్మర్ది సరదాకు అట్లాగే రాయించబోయాడు.

"పిలిస్తె పలుకుతరా?" అని అడిగింది ఏడు.

"పలుకుతరు. ఓ అంటరు."

"మీ అవ్వ ఓ అన్నదా?"

"అనలే."

"ఇనబడలేదా?"

"ఇనబడ్డది. నలుగురు చూస్తున్నరు గద. కొంగు అడ్డం పెట్టుకుని పక్కకు మల్లుకున్నది."

 అది కన్ను నా మీదే పెట్టుకుని ఉంది. నాకు ఎందుకో చిరాకేసి, "చార్జింగ్ చూసుకో పో," అన్నాను.

హైదరాబాద్ కంపెనీ ఒకటి మరను కొంటానన్నది. తాళ్లకే కాదు, టవర్లు ఎక్కడానికి, పెద్ద పెద్ద స్తంభాలు ఎక్కడానికి కూడా పనికొస్తుందని వాళ్ల లెక్క. చూసి తేల్చడానికి వెంకట్రాం అనే ఆయనను పంపారు. కోస్తా మనిషి. మర్యాదస్తుడు, చొక్కా నలగదు, ప్రతి మాటకూ అండి అంటాడు. వేరే వేరే చోట్ల చెట్లు ఎక్కించి చూపించమన్నాడు. ముందు గార్లలో, తర్వాత భూపాలపల్లిలో. డీసీఎం వ్యాను మాట్లాడుకుని, సామాను దించి ఎక్కించడానికి ముత్తయ్యను కూడా తీసుకుని బయలుదేరాం.

గార్లలో మిరపకాయల కాలం. రోడ్డు పక్క కల్లాల నిండా ఎర్రగా ఎండబోసి ఉన్నాయి, ఘాటుకు అందరూ తుమ్ముతున్నారు. మర చెట్టు ఎక్కుతుందట అని మానుకోట దాకా ఎవరు చెప్పారో గానీ జనం బాగానే వచ్చారు. ఏడు సగం దాకా చక్కగా ఎక్కింది. అక్కడ చెట్టు పొక్కు ఊడి ఒక పట్టీ జారింది. ఒక పక్కకు వేలాడింది.

పై నుంచి అరుపు వినిపించింది. "అవ్వా!"

పద్మలత చేతిలోని కంప్యూటర్ కింద పడింది. "ఓ! ఉన్న బిడ్డా, ఈడనే ఉన్న! గట్టిగ పట్టుకో!"

ఆమె ఆలోచించి అన్న మాట కాదది. అన్న తర్వాత నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఏడు పట్టీ సరిచేసుకుని, మిగిలిన చెట్టంతా ఎక్కి దిగింది.

జనం గొల్లున నవ్వారు. ముత్తయ్య నా వీపు మీద చరిచాడు. "అరె, అవ్వ ఐలేశ్ మళ్ల పుట్టిండుర బయ్! గీసారి ఇనుపోడు పుట్టిండు!"

నా చెవులు కాలిపోయాయి. నేను చెప్పుకున్నది తీసుకుపోయి, పరాయి ఊళ్లో, ముత్తయ్య ముందే నన్ను వెక్కిరించింది అనుకున్నాను.

వెంకట్రాం కళ్లద్దాలు తీసి తుడుచుకుంటూ నవ్వాడు. "అవ్వా? పాపం మేడంగారిని అంత ముసలమ్మను చేసేసిందేమిటండీ!"

వాళ్ల దిక్కు అవ్వ అంటే ముసలామె అట. మా దిక్కు కన్నతల్లి. ఆయనకు ఆ తేడా తెలియదు. చెట్టు మీది నుంచి మర ఎవరో ముసలమ్మను కేకేసిందనుకున్నాడు.

"కల్లు దుకాణాల భాష పట్టుకున్నట్టుందండీ. ఫరవాలేదు, ఎక్కడం బ్రహ్మాండంగా ఉంది. భూపాలపల్లిలో కూడా ఇలాగే ఎక్కితే అక్కడే కాగితాల మీద సంతకాలు చేసుకుందాం. నేర్చుకున్న పాతదంతా మావాళ్లు తీసేసి శుభ్రమైనది ఎక్కిస్తారు."

పద్మలత ఏదో చెప్పబోయింది. నేను ఆమెకూ ఆయనకూ మధ్యన పోయి నిలబడి, "సరే సారు, సరే," అన్నాను.

వ్యాను దగ్గర ముత్తయ్య లేని సమయం చూసి ఏడును పట్టుకున్నాను. "నన్నెక్కిరిస్తున్నవా? శరం లేదా నీకు?"

"శరం అంటె ఏంది మామ?"

"నీకేం తెలుస్తది? డబ్బావు."

అది మళ్లీ అడిగింది. "నలుగురు చూస్తుంటె పలకకపోవుడేనా శరమంటె?"

దాన్ని కొట్టాలనిపించింది. కొడితే నా చెయ్యే నొస్తుందని ఊరుకున్నాను.

మర్నాడు నర్సంపేట దాటాక ఒక హోటల్ దగ్గర టీకి ఆగాం. ముత్తయ్య, డ్రైవరు లోపల కూర్చున్నారు. పద్మలత వ్యాను పక్కన నీడలో నిలబడి ఉంది. గ్లాసులో టీ తొరక కట్టింది, తాగలేదు.

"అన్నా, ఒక మాట అడుగుత. పాతదంత తీస్తె వాడుండడు."

"వాడెవడు?"

ఆమె వ్యాను వైపు చూసింది. "నాకు వీడు ఎట్లయిండో తెల్వది. మళ్ల చెయ్యమంటె చెయ్యరాదు. ముందుగాల ఆరు మరలకు నేనే మీట నొక్కిన, నాకేం కాలే. వీడు అవ్వ అంటె నేను పలికిన. నాకు సిగ్గైంది. సిగ్గెందుకైందో గది కూడ తెల్వది. సైంటిస్టును, అందరి ముందట మరకు బిడ్డా అన్న అని సిగ్గా? గిన్ని రోజులు మేడం అనిపించుకున్న అని సిగ్గా?"

నాకు ఆ మాటలన్నీ నా చెలక మీది నుంచి దున్నుకుంటూ పోతున్నట్టు వినిపించాయి.

"మేడం, నేను చదువుకోనోన్ని. సక్కగ చెప్త ఇను. సారుకు అవ్వ అంటె ఏందో తెల్వది. గది మన అదృష్టం. తెల్వకుండనే ఉండనియ్. రేపు అది పిలిస్తె నువ్వు పలకకు. ఊతపదం అనుకుంటడు, సంతకం పెడ్తడు. నీ మర అమ్ముడువోతది, నా చెలక దక్కుతది."

"తర్వాత తీసేస్తరు గద అన్నా."

"తీసెయ్యనియ్."

"నీ నోటితోని చెప్తున్నవా?"

"చెప్తున్న. తీసెయ్యనియ్. పలకనని నా చేతిల చెయ్యి వెయ్."

ఆమె నా అరచేతిని చూసింది. మోకు పట్టీ పట్టీ కాయలు కాసిన చెయ్యి. నా భూమి ఆమె కోసం తాకట్టులో ఉంది, ఆ సంగతి మరచిపోయే మనిషి కాదు. చెయ్యి వేసింది. చల్లగా ఉంది.

వ్యాను వెనక తలుపు తెరిచే ఉందని అప్పుడు చూశాను. తువ్వాల కింద కన్ను వెలుగుతున్నది. ఆమె దాన్ని బంద్ చేయలేదు.

సామాను సర్దే నెపంతో నేను ఎక్కితే, అది మెల్లగా అడిగింది. "మామ, రేపు ఎక్కి దిగినంకనే తీసేస్తరా?"

"నీకెందుకు?"

"ఎక్కేటప్పుడు కింద ఎవరుంటరో తెల్సుకుందామని."

తలుపు వేసేశాను.

భూపాలపల్లి పొలిమేరలో వనం. పక్క రోడ్డు మీద బొగ్గు లారీలు పోతుంటే తాటాకుల మీద కూడా నల్లటి పొడి. అక్కడి గీత కార్మికులు మోకులు భుజాన వేసుకుని, పని మానుకుని వచ్చి నిలబడ్డారు. పొద్దు వాలుతుంటే ఉత్తరం పక్క ఆకాశం మబ్బు రంగుకు తిరిగింది. వాళ్లలో పెద్దాయన కాటమయ్య చెయ్యి పైకెత్తి చూసి, "గాలిదుమారం లేస్తాంది. మేమైతె ఇప్పుడు చెట్టు ముట్టం," అన్నాడు.

"అందుకే కదండీ యంత్రం," అన్నాడు వెంకట్రాం. "మీరు ముట్టని వేళ ఎక్కాలి."

పద్మలత దాని వీపు మీద చెయ్యి వేసింది. ఏదో చెప్తుందనుకున్నాను. చెప్పలేదు. చెయ్యి తీసేసి, వచ్చి నాకు ఎదురుగా నిలబడింది. ఏడు ఆమె వైపు చూసింది, నా వైపు చూసింది, చెట్టు పట్టుకుంది.

తాటికమ్మల దగ్గరికి చేరుతుండగా గాలి వచ్చింది. దుమ్ము, బొగ్గు పొడి, ఎండుటాకులు అన్నీ ఒకటే సుడి. మా తలగుడ్డలు లేచిపోయాయి. చెట్టు విల్లులా వంగి లేచింది. పైన అది చెట్టును కరుచుకుని ఆగిపోయింది.

"అవ్వా!"

గార్లలో లాగా జారి అరిచింది కాదు. పట్టీలు రెండూ గట్టిగానే ఉన్నాయి. పిలిచింది, అంతే.

జనంలో నవ్వు మొదలైంది. వెంకట్రాం కూడా చిరునవ్వుతో, "మళ్ళీ ఆ ముసలమ్మే," అన్నాడు.

పద్మలత పెదవులు బిగబట్టి నిలబడింది. పైకి చూడటం లేదు. నన్ను చూస్తున్నది. చున్నీ అంచు నోటికి అడ్డం పెట్టుకుని, పక్కకు తిరిగింది.

అట్లా కొంగు అడ్డం పెట్టుకుని తిరగడాన్ని నేను ఒకసారి చూశాను. సగం చెట్టు మీది నుంచి చూశాను.

"అవ్వా!"

ముత్తయ్య నా ముఖంలోకి చూస్తూ నవ్వు ఆపుకుంటున్నాడు. నాకు ఆ క్షణాన చెలక గుర్తుంది. గుర్తు లేక చేశానని ఎవరికీ చెప్పను. గుర్తుంది, షావుకారు ముఖం గుర్తుంది, సత్తెమ్మ ఏడుపు గుర్తుంది. నోరు మూసుకుని ఇంకొంచెం సేపు నిలబడితే చాలని కూడా తెలుసు.

"ఓ!" అన్నాను.

నా గొంతేనా అనిపించింది. "ఓ బిడ్డా! ఉన్న! కిందనే ఉన్న! చెట్టు ఎటు ఊగితె నువ్వూ అటే ఊగు, భయపడకు! నేనీడనే ఉన్న!"

కురచకాలుతో పోయి చెట్టు మొదలును రెండు చేతులతో పట్టుకున్నాను. పట్టుకుంటే చెట్టు ఆగుతుందా? ఆగదు. అయినా పట్టుకున్నాను. మొదట ముత్తయ్య పగలబడి నవ్వాడు, తర్వాత అతనొక్కడే నవ్వుతున్నాడని తెలిసి మానేశాడు. అక్కడి గీత కార్మికులెవరూ నవ్వలేదు. కాటమయ్య వచ్చి నా పక్కన చెట్టు మీద చెయ్యి వేశాడు.

గాలి తగ్గాక అది దిగింది. ఒళ్లంతా నల్లటి పొడి.

వెంకట్రాం దగ్గరికి వచ్చాడు. ఈసారి నవ్వు లేదు. "అది ముసలమ్మను పిలిస్తే మీరెందుకండీ పలికారు?"

ఊతపదం సారు, నాకలవాటు అని ఉంటే అయిపోయేది. అప్పటికి కూడా దారి ఉంది.

"అవ్వ అంటె ముసలామె కాదు సారు. మా దిక్కు తల్లి. భయమైతె పిలుస్తం. పిలిస్తె ఎవరో ఒకరు పలకాలె."

ఆయన పద్మలతను చూశాడు. "నిజమేనా మేడం? దీనికి భయం తెలుసా?"

ఆమె తల వంచుకుంది. "తెలుసు. తనకు భయమైతున్నదని కూడ తెలుసు. గార్లలనే చెప్పాల్సింది. నేను చెప్పలే."

ఆయన కోప్పడలేదు. కోప్పడితే బాగుండేది. కళ్లద్దాలు జేబులో పెట్టుకుంటూ మెల్లగా అన్నాడు. "భయపడే యంత్రం మాకెందుకండీ? భయపడటానికి మనుషులున్నారుగా."

కారెక్కి వెళ్లిపోయాడు. సంతకాల కాగితాల సంచి కూడా ఆయనతోనే వెళ్లిపోయింది.

మేం సామాను ఎక్కించుకుంటుంటే పద్మలత నేల మీద కూర్చుని చున్నీతో దాని కన్ను తుడిచింది. అది అడిగింది, "మేడం, నేను పిలిచింది తప్పా? నువ్వు పలకలే."

ఆమె తుడుస్తూనే ఉంది. తుడవడానికి ఇంకేమీ మిగలకపోయినా తుడుస్తూనే ఉంది. "మేడం అనకు," అంది చివరికి.

అది నా వైపు తిరిగింది. పలకనివ్వంది ఈయనే అని అది చెప్పలేదు. హోటల్ దగ్గర అన్నీ వింది, తెలుసు దానికి. ఆమె ముందు, ముత్తయ్య ముందు నన్ను నిలబెట్టి చెప్పడానికి ఒక్క మాట చాలు. చెప్పలేదు. "మామ చెట్టు పట్టుకున్నడు, పైకి తెల్సింది," అంది అంతే.

దారి పొడుగునా నేను డ్రైవరు పక్కన కూర్చుని బయటికి చూస్తూ వచ్చాను. పద్మలత వెనక సామానులో కూర్చుని వచ్చింది.

ఇప్పుడు ఊళ్లో నా పేరు మారింది. అవ్వ ఐలేశ్ పోయి ఓ ఐలేశ్ వచ్చింది. సందులోంచి పోతుంటే ఎవడో ఒకడు గోడ చాటు నుంచి "అవ్వా" అంటాడు, నేను పలుకుతానేమోనని. ముత్తయ్య పోసే కల్లు ఇంటికే తెప్పించుకుంటున్నాను.

పద్మలత దేవరుప్పులకు వచ్చేసింది. ఏదో కాలేజీలో పాఠాలు చెప్తున్నది. చెలక డబ్బు జీతంలో కొంత కొంత కడతానని ఇంటికి వచ్చి సత్తెమ్మ కాళ్లు పట్టుకుంది. నేను లోపలి గదిలోనే ఉండిపోయాను. అప్పుడప్పుడు ఫోన్ చేస్తుంది. "అన్నా, నిన్ను అడుగుతున్నడు. ఒక్కసారి వచ్చిపో," అంటుంది. ఆమె ఇంట్లో వాడు ఆమెను ఇప్పుడు ఏమని పిలుస్తున్నాడో వెనక నుంచి వినిపిస్తుంది. పిలిచిన ప్రతిసారీ ఆమె ఫోన్‌లో నన్ను ఆపి, ఓ అంటుంది.

పోదామనుకుంటాను. చెప్పులు వేసుకుంటాను. తీసెయ్యనియ్ అన్న నోటితో వాడి ముందు కూర్చుని ఏం మాట్లాడాలి? మామ అని పిలిస్తే, ఏ ముఖం పెట్టుకుని పలకాలి? చెప్పులు విడిచి మళ్లీ కూర్చుంటాను. అందుకే అడుగుతున్నాను, ఆ రోజు పద్మలత ఎందుకు పలకలేదు? నా చేతిలో వేసిన చెయ్యి తీసి పారేసి ఎందుకు పలకలేదు? పలికితే మర ఆమెది, మాట ఆమెది, నష్టం ఒక్కటే నాది అయ్యేది. ఇప్పుడు అన్నీ నావే.

ఎండాకాలం పోయింది. జనగామ రిజిస్ట్రార్ ఆఫీసులో షావుకారు పేరు మీదికి వేలిముద్ర వేసి వచ్చాను. ఎంత పోయింది ఐలేశన్నా అని అడిగేవాళ్లు ఇంకా ఉన్నారు. మిగతాదేదీ చెప్పను, అదొక్కటి చెప్తాను. బచ్చన్నపేట శివారులో, రోడ్డుకు పడమర, మా బాపు పేరు నుంచి నా పేరు మీదికి వచ్చిన చెలక: ఎకరం పదహారు గుంటలు.